కాలువగట్టు చెక్కలో తెల్ల దీపాలు

తెల్లారేసరికి మా వంటింట్లో బల్బు మారిపోయింది.

ముందుగా చూసింది మా అన్నయ్య కోడలు దియెమ్. గంజి కాయడానికి వెళ్లి, స్విచ్చి నొక్కి, గుమ్మంలోనే ఆగిపోయింది. వానాకాలం నుంచీ అక్కడ వెలుగుతున్న తెల్ల ఎల్.ఇ.డి. బల్బు లేదు. దాని చోట మా అన్నయ్య పాత గాజు బల్బు వేలాడుతోంది. వంటిల్లంతా పసుపు నీళ్లు జల్లినట్టుంది.

“ఉత్ అత్తా, ఇది మీరు మార్చారా?” అని నన్ను అడిగింది.

“నేను పీటెక్కి బల్బులు మార్చే వయసులో ఉన్నానా?” అన్నాను.

ఎవరు మార్చారో ఇద్దరికీ తెలుసు. ఆయన బల్ల దగ్గరే ఉన్నాడు. పొద్దున్నే కాఫీ చుక్కచుక్కగా గ్లాసులోకి దిగుతుంటే చూస్తూ కూర్చోవడం మా అన్నయ్య ఖాంగ్‌కి అలవాటు. ఈ రోజు ఆ చుక్కల్ని మరీ శ్రద్ధగా చూస్తున్నాడు.

కోడలితో ఆయన నేరుగా మాట్లాడటం మానేసి వారం దాటింది. ఏం చెప్పాలన్నా మా వదిన బిక్‌కి చెప్తాడు. ఆవిడ పక్కనే నిలబడి ఉన్న దియెమ్‌కి చెప్తుంది. దియెమ్ జవాబు కూడా అదే దారిలో వెనక్కి వెళ్తుంది. ముగ్గురూ ఒకే బల్ల చుట్టూ ఉండి చేసే పని ఇది. చూడలేక నాకు తల తిరిగిపోతోంది.

“నాన్నా,” అంది దియెమ్. మా వైపు కోడళ్లు మామగారిని అలాగే పిలుస్తారు. “బల్బు ఎందుకు మార్చారు?”

“వియెన్ వాళ్లమ్మా,” అని కొడుకు పేరుతో వదినని పిలిచాడు అన్నయ్య, “నా కళ్లకి ఇదే హాయిగా ఉందని చెప్పు.”

“కళ్లకి హాయిగా ఉందంట,” అంది వదిన అల్లం తరుగుతూ.

“వినపడిందమ్మా. అది అరవై వాట్లు తింటుంది. తీసేసింది తొమ్మిదే తింటుంది. వెలుగు రెండిటిదీ ఒకటే.”

“వెలుగు రెండిటిదీ ఒకటే అని ఈ ఇంట్లో ఇంకోసారి అనొద్దని చెప్పు.” అన్నయ్య గ్లాసు బల్ల మీద గట్టిగానే పెట్టాడు. “ఆ మాట నమ్మే కదా సగం తోట బోడిగా నిలబడింది.”

వదిన ఈ మాట మోసుకెళ్లలేదు. అల్లం తరుగుతూనే ఉంది.

ఇంట్లో వారం నుంచీ నలుగుతున్నది ఇదే. చలికాలంలో పగలు పొట్టిదైపోతుంది. రాత్రిళ్లు దీపాలు వేసి, ఇంకా పగలే అని నమ్మిస్తే తప్ప డ్రాగన్ పండు తీగ మొగ్గ వెయ్యదు. మా ఊళ్లో అందరూ చేసే పనే. తీగలు పాకించిన నాలుగేసి స్తంభాల మధ్య ఒక్కో బల్బు వేలాడదీస్తారు. ఈ ఏడు ఇంటివైపు తోటకి ఎప్పటిలా గాజు బల్బులు కట్టాం. కాలువగట్టున ఉన్న నేల చెక్కకి మాత్రం దియెమ్ మాట మీద తెల్ల ఎల్.ఇ.డి.లు కట్టాం. రెండిటికీ ఒకే రోజు దీపం మొదలుపెట్టాం, ఒకే రోజు ఆపాం. ఇంటివైపు తీగల అంచుల మీద చింతగింజంత మొగ్గలు లేచాయి. కాలువగట్టు చెక్కలో ఒక్కటంటే ఒక్కటి కనపడలేదు.

ఒక విడత పంట పోవడమే అయితే నేనింత మథనపడను. మా నాన్న తద్దినం నాడు, భోజనాల దగ్గర చుట్టాలందరి ముందూ అన్నయ్య కోడలికి మాటిచ్చాడు. కాలువగట్టు చెక్క కొత్త బల్బులతో పూస్తే ఆ చెక్క నీదీ వియెన్‌దీ, అక్కడే ఇల్లు వేసుకుని వేరే పొయ్యి పెట్టుకోండి అన్నాడు. ఆ క్షణం నుంచీ దియెమ్ కిటికీ ఎటుండాలో, నీళ్ల జాడీ ఎక్కడుండాలో చెప్తూనే ఉంది. చెప్పిందే చెప్పినా నేను వింటూనే ఉన్నాను.

ఆ పిల్ల పెరిగింది సైగాన్‌లో అద్దె గదుల్లో. కరెంటుకి ఇంటివాడు తన ఇష్టమొచ్చిన రేటు వసూలు చేసేవాడట. రాత్రి తలుపు సందులోంచి వెలుగు కనిపిస్తే తట్టి ఆర్పెయ్యమనేవాడట. ఏ బల్బు ఎంత తింటుందో, ఏది ఎన్నాళ్లు వెలుగుతుందో దియెమ్ అక్కడే నేర్చుకుంది. “నా ఇంట్లో దీపం నేను వేసుకుని నేను ఆర్పుకోవాలి అత్తా,” అని పెళ్లయిన కొత్తలో నాతో అంది. పెళ్లి లేకుండా అన్నయ్య ఇంట్లోనే జుట్టు నెరిసినదాన్ని నేను. ఆ మాట నాకు తగలాల్సిన చోటే తగిలింది.

ఇంతలో వియెన్ లేచి వచ్చాడు. వాళ్లమ్మ పక్క స్టూలు మీద కూర్చుని గంజి గిన్నె ముందుకి లాక్కున్నాడు. పైకి చూశాడు, బల్బు మారిందని గమనించాడు, కళ్లు దించేసుకున్నాడు.

“నువ్వన్నా చెప్పు,” అంది దియెమ్ మొగుడితో. “ఆ బల్బుల్లో తప్పేముంది?”

“ఏమో,” అన్నాడు వియెన్.

“ఏమో ఏంటి, కట్టింది నువ్వేగా?”

“కట్టమంటే కట్టాను. గాలి ఎక్కువైందేమో.”

“గాలే,” అంది వదిన వెంటనే. కొడుకు ఏమంటే ఆవిడకి అదే. “సముద్రం మీంచి వచ్చే చలిగాలి కాలువ వైపే కొడుతుంది. ఇంక మొగ్గ ఎక్కడ నిలుస్తుంది?”

“పోయినేడు ఆ గాలి లేదా? పోయినేడు అక్కడ మొగ్గ నిలవలేదా?” అన్నాడు అన్నయ్య.

“నేల దేవుడికి కోడి పెట్టకుండా దీపాలు మొదలుపెట్టారు,” అన్నాను నేను. ఊరుకుంటే బాగుండేది. అందరూ తలో కారణం చెప్తుంటే నాకూ ఒకటి చెప్పాలనిపించింది.

“ఇంటివైపు మాత్రం పెట్టామా అత్తా?” అంది దియెమ్.

పెట్టలేదు. నా కారణం అక్కడితో సరి.

దియెమ్ అలమర తెరిచి తెల్ల బల్బు తెచ్చింది. బల్ల అవతలి కొసన ఇంకో హోల్డరు ఉంది. దాన్లో బిగించింది. ఒక కొసన పసుపు, ఒక కొసన తెలుపు. మా గంజి గిన్నెలు సగం ఈ రంగులో, సగం ఆ రంగులో ఉన్నాయి.

“చెయ్యి దగ్గర పెట్టి చూడండి నాన్నా. గాజుది ఎంత కాలుతోందో. తిన్న కరెంటంతా వేడికే పోతుంటే దీపానికి మిగిలేదెంత? కొనేటప్పుడు చవకే. కానీ ఏడాది తిరక్కుండా మాడిపోతుంది, మళ్లీ కొనాలి. ఇది కొనేటప్పుడు ఖరీదు. కొన్నాక మాత్రం ఆ ఒక్కటి తినే కరెంటుతో ఇవి ఆరు వెలుగుతాయి. ఇంట్లో మార్చాక బిల్లు ఎంత తగ్గిందో మీరే చూశారు.”

“తగ్గింది,” అన్నాడు అన్నయ్య.

నేరుగా అన్నాడు. పొరపాటున నోరు జారాడని మాకందరికీ తెలిసింది. ఆయనకీ తెలిసి గబుక్కున వదిన వైపు తిరిగాడు.

“తగ్గిందనే అన్నానని చెప్పు. ఇంటి సంగతి నేను కాదన్నానా? తాతముత్తాతల పటాల ముందు ఎర్ర దీపాన్ని కూడా మార్చేసింది, అప్పుడు నోరెత్తానా? పెద్దల దీపానికి కూడా వాట్లు లెక్క చూసిన పిల్ల.”

“ఆ దీపం రాత్రీ పగలూ వెలుగుతుంది కదా నాన్నా. ముందు మార్చాల్సింది దాన్నే.”

“చూశావా?” అన్నాడు అన్నయ్య నాతో. నవ్వు గొంతుదాకా వచ్చింది, మింగేశాను.

దియెమ్ స్టూలు మీద కూర్చుంది. కాసేపు రెండు బల్బుల వైపూ మార్చి మార్చి చూసింది.

“తెల్లదాన్ని ఏరింది మీరే నాన్నా,” అంది మెల్లగా.

ఆ మాట నిజం. దీపాల కాలం మొదలవకముందు ఇదే బల్ల మీద దియెమ్ మూడు బల్బులు వెలిగించింది. ఒకటి గాజుది. ఒకటి కొత్త రకంలో పసుపు వెలుగుది. ఒకటి కొత్త రకంలో తెల్ల వెలుగుది. కొత్తవి రెండూ దుకాణంవాడు చూసుకోమని ఇచ్చినవే. రెండూ తొమ్మిదేసి వాట్లు, ధర ఒకటే. ఆ రోజు వదిన కానాగంత చేపలు మట్టి గిన్నెలో ఇగిరించింది. అన్నయ్య మూడు దీపాల కిందికీ జరిగి జరిగి తిన్నాడు. తెల్లదాని కింద ముల్లు ముల్లూ విడిగా కనిపిస్తోందన్నాడు. పసుపుదాన్ని చూసి, డబ్బిచ్చి కొత్తది కొని మళ్లీ పాత వెలుగే చూడటం దేనికని పక్కకి నెట్టేశాడు. వదిన తెల్లదే బాగుందంది. బియ్యంలో పురుగులు బాగా కనిపిస్తున్నాయని నేనూ తెల్లదానికే ఓటేశాను. అట్టపెట్టెల మీద చదివి, రెండిటి వెలుగూ సమానమే, ఏదైనా ఫరవాలేదని దియెమ్ అంది. పసుపుదాన్ని దుకాణంలో తిరిగి ఇచ్చెయ్యమని వియెన్ చేతికిచ్చాం.

“నేను ఏరింది అన్నం తినడానికి,” అన్నాడు అన్నయ్య చివరికి.

“తోటకీ ఇదే కట్టండి అన్నారు.”

“అంటే తప్పు నాదన్నమాట.”

“అలా అనట్లేదు నాన్నా. తప్పు ఎక్కడుందో నాకే తెలీట్లేదు. వెలుగు సమానం. గంటలు సమానం. నీళ్లు, ఎరువు అన్నీ సమానం. ఒకవైపు పూసింది, ఒకవైపు పూయలేదు. ఎంత ఆలోచించినా బుర్రకి అందట్లేదు.”

అన్నయ్య లేచాడు. గంజి ముట్టలేదు.

“కాలువగట్టు చెక్కని పళ్ల వ్యాపారి కౌలుకి అడుగుతున్నాడు. కొత్తేడు తెత్ పండగ అవగానే ఇచ్చేస్తాను. తద్దినం నాడు అన్న మాట ఇంక లేదని చెప్పు.”

వదిన చెప్పలేదు. దియెమ్ తలవంచుకుని వింది. వియెన్ గంజి తాగుతూనే ఉన్నాడు.

అందరూ లేచాక నేనూ వదినా వంటింట్లో ఉల్లికాడలు ఏరుతూ కూర్చున్నాం. పెరట్లో జాడీల దగ్గర దియెమ్ గిన్నెలు తోముతోంది. వియెన్ మోటారుసైకిలు తుడుస్తున్నాడు. గోడకి ఇవతల ఉన్న మాకు మాటలన్నీ వినపడుతున్నాయి. వినకూడదని ఇద్దరికీ తెలుసు, ఒక్కరం కూడా లేవలేదు.

“నాన్నతో నువ్వొక్క మాట అనలేవా?” అంది దియెమ్.

“ఏమని?”

“కౌలుకి ఇవ్వొద్దని. ఇంకో విడత దీపం వేసి చూద్దామని.”

“మళ్లీ పూయకపోతే?”

“నా మీద నమ్మకం లేదా నీకు?”

“నీ మీద నమ్మకం లేక కాదు.”

“మరి దేని మీద లేదు?”

వియెన్ తడిగుడ్డ పిండిన చప్పుడైంది.

“ఈ ఇల్లు నీకు అంత ఇరుకుగా ఉందా దియెమ్?” అన్నాడు వియెన్.

గిన్నెల చప్పుడు ఆగింది.

“ఇరుకని ఎప్పుడన్నా అన్నానా? పొద్దున లేచేసరికి వంటింట్లో బల్బు మారిపోయింది. నన్నెవరన్నా అడిగారా? అది నా వంటిల్లయితే అడిగేవాళ్లు. నాకు కావాల్సింది అంతే.”

మోటారుసైకిలు చప్పుడు చేసుకుంటూ వీధిలోకి వెళ్లిపోయింది.

“వెళ్లిపోతారంటావా ఉత్?” అంది వదిన నెమ్మదిగా.

“వెళ్లేది కాలువగట్టుకేగా వదినా. ఇక్కడ కేకేస్తే అక్కడ వినపడుతుంది.”

“కేక వినపడుతుందిలే. పొద్దున్నే వాడి మొహం కనపడదు.”

వదిన ఉల్లికాడల వేర్లన్నీ కోసేసి, పొరపాటున కాడల్ని చెత్తబుట్టలో పడేసి వేర్లని పళ్లెంలో పెట్టుకుంది. నేను చూసి కూడా ఏమీ అనలేదు. ఆవిడని చూస్తే జాలేసింది, పెరట్లో ఉన్న పిల్లని తలుచుకుంటే ఇంకా జాలేసింది. ఎవరి పక్షం ఉండాలో పాలుపోలేదు.

ఎండెక్కాక దియెమ్ టోపీ పెట్టుకుని తోటలోకి బయల్దేరింది. ఒంటరిగా వదలబుద్ధి కాక నేనూ వెనకాలే పడ్డాను.

“రోజూ చూస్తూనే ఉన్నావుగా. ఇంకా ఏం చూస్తావే?”

“ఊరికే అత్తా. కౌలుకిచ్చేశాక మనల్ని రానివ్వరుగా.”

ఇంటివైపు వరసల్లో తీగల నిండా మొగ్గలే. గట్టు దాటగానే స్తంభాల మీంచి వేలాడే పచ్చటి ముళ్ల తీగలు ఉత్తవే ఉన్నాయి. దియెమ్ ఒక్కో స్తంభాన్నీ తడుముకుంటూ నడిచింది. ఇల్లు వేద్దామనుకున్న మూల దగ్గర ఒక్క క్షణం ఆగింది. తర్వాత కాలువ మీదికి వంగిన చివరి వరస వైపు తిరిగింది. అటు మేమెవరం వెళ్లం, మడమల లోతు బురద. దీపాలు చూసుకునే పని వియెన్‌ది. ఇంటి అరుగు మీంచి ఆ మూల కనపడదు.

“అత్తా, ఇలా రండి,” అంది. గొంతు మారిపోయింది.

చెప్పులు చేత్తో పట్టుకుని బురదలో దిగాను. స్తంభం మీది తీగ అంచున చిన్న మొగ్గ ఉంది. దాని పక్కన ఇంకోటి. చుట్టూ తిరిగి చూశాం. నాలుగు స్తంభాల మీద, లోపలివైపు కొమ్మలన్నిటికీ మొగ్గలున్నాయి. ఐదో స్తంభానికి లేవు. ఇటు పక్కదానికీ లేవు.

ఇద్దరం తలెత్తి చూశాం. ఆ నాలుగింటి నడుమ వేలాడుతున్నది మిగతావాటిలాంటి తెల్ల ప్లాస్టిక్ బుడగే.

“ఇదీ ఆ బల్బే కదా,” అంది దియెమ్. “దీని కింద ఎందుకు పూసింది?”

“నన్నడిగితే? కాలువ నీళ్లు తగిలాయేమో.”

“ఐదోదానికి తగలవా నీళ్లు?”

నేల దేవుడి మాట మళ్లీ నోటిదాకా వచ్చింది, పొద్దున పోయిన పరువు గుర్తొచ్చి ఊరుకున్నాను. దియెమ్ ఆ బల్బు కింద నిలబడి అటు తిరిగింది, ఇటు తిరిగింది. పిచ్చిదానిలా వేళ్లు లెక్కపెట్టుకుంది.

“అత్తా, తోట షెడ్డులోకెళ్లి ఈ దీపాల స్విచ్చి వేస్తారా?”

“పట్టపగలు దీపాలా? మీ మామ చూస్తే చెక్కతో పాటు నన్ను కూడా కౌలుకిచ్చేస్తాడు.”

“ఒక్క నిమిషం అత్తా. వెలిగించి చూడాలి.”

వెళ్లి వేశాను. తిరిగొచ్చేసరికి చెక్క నిండా బల్బులు వెలుగుతున్నాయి. ఎండలో తెల్ల వెలుగు వెలవెలబోతోంది. దియెమ్ నెత్తి మీద ఉన్నది మాత్రం మగ్గిన మామిడిపండు రంగులో ఉంది.

“ఇది ఆ పసుపుది,” అంది దియెమ్. “దుకాణంలో తిరిగి ఇచ్చెయ్యమన్నామే, అది.”

“అయితే?”

“అయితే తొమ్మిది వాట్లదీ పూయిస్తుంది అత్తా. గాజుదే అక్కర్లేదు. నేను చెప్పిన లెక్క తప్పు కాదు. మనం రంగు తప్పుగా ఏరాం. మన కళ్లతో ఏరాం. తీగకి చేప ముళ్లు తీసుకునే పనేముంది?”

పసుపు వెలుగుకి తీగ ఎందుకు లొంగుతుందో, తెలుపుకి ఎందుకు లొంగదో నాకు ఇప్పటికీ సరిగ్గా తెలీదు. ఆ రోజు దియెమ్‌కీ తెలీదు. ఎంత వెలుగు వస్తుందో, ఎంత కరెంటు ఖర్చవుతుందో పెట్టె మీద వేస్తారు గాని డ్రాగన్ తీగకి ఏది నచ్చుతుందో ఎవరు వేస్తారు? కారణం తెలియకపోయినా కళ్లెదుట మొగ్గలున్నాయి. దియెమ్ బురదలో చతికిలబడి నవ్వింది. నవ్వుతూనే ఏడ్చింది. నాకు ఎంత సంతోషం కలిగిందంటే వంగి దాని నెత్తి మీద ముద్దు పెట్టుకున్నాను.

“ఆ మతిమరుపు మనిషి తిరిగివ్వడం మర్చిపోయి మిగతావాటితో కలిపి కట్టేశాడు,” అంది కళ్లు తుడుచుకుంటూ.

“పట్టపగలు దీపాలేసిందెవరు?” అని గట్టు మీంచి కేక వినపడింది.

అన్నయ్య వచ్చాడు. మమ్మల్నిద్దర్నీ బురదలో చూసి ఏదో అనబోయాడు. కోడలితో మాట్లాడటానికి పక్కన వదిన లేదు. నా వైపు తిరిగాడు. నేను మొగ్గలు చూపించాను.

వంగి చూశాడు. బొటనవేలితో మొగ్గని తాకి చూశాడు. తలెత్తి బల్బుని చూశాడు. నాలుగు స్తంభాలూ తిరిగి, ఐదోదాని దగ్గరకెళ్లి, మళ్లీ వెనక్కి వచ్చాడు.

“ఉత్, ఇదెన్ని వాట్లో అడుగు.”

“తొమ్మిదే నాన్నా,” అంది దియెమ్.

అన్నయ్య గట్టు మీద గొంతుక్కూర్చున్నాడు. “చేప ముళ్లు,” అని తనలో తాను గొణుక్కున్నాడు. ఆయన మొహం చూస్తే మూడు దీపాల భోజనం గుర్తొచ్చినట్టే ఉంది.

“అమ్మాయ్,” అన్నాడు. నేరుగానే అన్నాడు. “తెల్లవన్నీ దింపించెయ్. ఇళ్లల్లో వాడుకునేవాళ్లకి అమ్ముకోవచ్చు. పసుపువి తెప్పించు. తెత్ పంటకి ఎలాగూ అందవు, ఆ తర్వాతి విడతకి అందుతాయి. వ్యాపారికి నేనింకా మాటివ్వలేదులే.”

“మరి తద్దినం నాటి మాట?” అని అడిగింది నేను. ఆ పిల్ల అడగలేదని అడిగాను.

“పూస్తే ఆ మాట ఉన్నట్టే,” అన్నాడు అన్నయ్య.

దియెమ్ రెండు చేతులూ గుండెల మీద పెట్టుకుంది. ఆ మొహం చూసి నా కళ్లు చెమర్చాయి.

అప్పుడే కాలువ పక్కనుంచి వియెన్ వచ్చాడు. దీపాలెందుకు వెలుగుతున్నాయని అడుగుతూ వచ్చి, మేం ఏ బల్బు కింద ఉన్నామో చూసి ఆగిపోయాడు. దియెమ్ ఎదురెళ్లి వాడి చెయ్యి పట్టుకుంది.

“నీ మతిమరుపుకి దండం పెట్టాలి. దుకాణంలో ఇవ్వడం మర్చిపోయి ఇక్కడ కట్టేశావు చూడు, దాని కిందే పూసింది. నాన్న ఒప్పుకున్నారు. మనకి ఇల్లు ఉంది.”

వియెన్ మొగ్గల వైపు చూశాడు. సంతోషించాడో లేదో వాడి మొహం చూసి నేను చెప్పలేకపోయాను.

“మర్చిపోలేదు,” అన్నాడు.

“ఏంటి?”

“మర్చిపోయి కట్టలేదు. కావాలనే కట్టాను.”

“ఎందుకు?”

“బల్బులు తెచ్చేరోజు దుకాణంలో ఒక తోటాయన కలిశాడు. తెల్లవి ఇంటికి పట్టుకెళ్లు, తోటకి పసుపువే కట్టు, తెల్లవాటికి తీగ పూయదు అన్నాడు. నిజమో కాదో చూద్దామని ఇదొకటి కట్టాను.”

“అయితే నీకు ముందే తెలుసా?”

“తెలుసని కాదు. ఆయన అన్నాడంతే.”

“అన్నాడని నాతో ఎందుకు అనలేదు?”

వియెన్ తండ్రి వైపు చూశాడు. నా వైపు చూశాడు. ఏదన్నా అబద్ధం చెప్పరా అని నా మనసు వాడిని బతిమాలుకుంది. చిన్నప్పటి నుంచీ వాడికి అబద్ధం చెప్పడం చేతకాదు, చెప్పకుండా ఊరుకోవడమే వచ్చు.

“చెప్దామనే అనుకున్నాను. ఇంటికొచ్చేసరికి అమ్మ నా చొక్కాలు ఆరేస్తోంది. మీరు వెళ్లిపోతే ఇంక ఎవరివి ఉతకనురా అంది. రేపు చెప్దాంలే అనుకున్నాను. తర్వాత, పూయకపోతే ఇక్కడే ఉండిపోతాం కదా అనిపించింది. అలా అనిపించాలని నేను కోరుకోలేదు దియెమ్. ఎందుకు ఊరుకున్నానో నాకే సరిగ్గా తెలీదు.”

“దీపాలు వెలిగినన్నాళ్లూ ఊరుకున్నావు,” అంది దియెమ్. “ఇవాళ పొద్దున నాన్న నన్ను నిలదీస్తుంటే పక్కనే కూర్చుని గంజి తాగావు. తప్పెక్కడుందో తెలీక నేను పిచ్చెక్కిపోతుంటే గాలేమో అన్నావు.”

వియెన్ తల వంచుకున్నాడు.

వాడి మీద నాకు ఒళ్లు మండింది. చంకనేసుకుని పెంచినవాడు అలా తల వంచుకుని నిలబడితే చూడలేకపోయాను కూడా. రెండూ ఒక్కసారే కలిగితే మనిషి ఏం చెయ్యాలో నాకు తెలీదు.

“సరే, ఇప్పటికైనా తెలిసింది కదా,” అన్నాడు అన్నయ్య ఇబ్బందిగా. రాజీ చెయ్యడం ఆయనకి చేతకాని పని. “ఇద్దరూ కలిసి పసుపువి కట్టుకోండి. పాత సంగతులెందుకు?”

దియెమ్ మొగుడి చెయ్యి వదిలేసింది. బురద చేతులు పైజామాకి తుడుచుకుంది. గట్టెక్కి మామగారి ఎదురుగా నిలబడింది.

“నాన్నా, పసుపువి నేను కడతాను. పూయిస్తాను. పూస్తే ఈ చెక్క నా ఒక్కదానికి ఇస్తారా?”

“ఒక్కదానికా?”

“ఒక్కదానికే. నాకు ఒక గది ఇల్లు చాలు.”

అన్నయ్య నా వైపు చూశాడు, జవాబేదో నేను అందిస్తానన్నట్టు. మొగుడు బతికుండగా కోడలు మామగారిని ఇలాంటిది అడగడం నేనెక్కడా వినలేదు. అడగకూడదని అందామన్నా నోరు రాలేదు. వియెన్ బురదలోనే ఉన్నాడు. దియెమ్ వెనక్కి తిరిగి చూడలేదు. మామగారి మొహంలోకే చూస్తూ ఆయన ఏమంటాడా అని నిలబడింది.